జరగని హత్య, మోపిన నేరం: పరివర్తన దశలోని రెండు స్పానిష్ చిత్రాలు

1975 నవంబరు 20న ఫ్రాంకో మరణించాక స్పానిష్ సినిమా ప్రతీకల చాటు నుంచి సూటి కథనానికి సాగిందన్నది విమర్శలో తరచు కనిపించే సూత్రీకరణ. కార్లోస్ సౌరా ‘క్రియా క్వెర్వోస్’ (1976), పిలార్ మిరో ‘ఎల్ క్రిమెన్ దె క్వెంకా’ (1979) చిత్రాలను పక్కపక్కన పరిశీలిస్తే ఈ సూత్రీకరణ చాలదని తెలుస్తుంది. రెండింటికీ కేంద్రం జరగని హత్యే. భేదమంతా ఆ నేరాన్ని ఎవరు కల్పించారన్న దానిలో ఉంది.

సౌరా చిత్రాన్ని ఫ్రాంకో జీవించి ఉండగానే తీశారు. కాకులను పెంచితే అవే కళ్లు పొడుస్తాయన్న స్పానిష్ సామెత నుంచి వచ్చింది దాని పేరు; మన ‘పాముకు పాలు పోయడం’ వంటిదే. సైనికాధికారి అయిన తండ్రిని తానే విషం పెట్టి చంపానని చిన్నారి ఆనా నమ్ముతుంది. ఆ విషం నిజానికి వంటసోడా. నియంత మరణాన్ని కోరుకుని, అందుకు తానుగా ఏమీ చేయలేకపోయిన తరం మనఃస్థితి ఈ భ్రాంతిలో ధ్వనిస్తుంది. ఇక్కడ నేరభావం లోపలి నుంచి పుట్టింది.

మిరో చిత్రానికి ఆధారం వాస్తవ ఘటన. 1910లో ఒక గొర్రెల కాపరి అదృశ్యమయ్యాడు. సివిల్ గార్డు దళం పెట్టిన చిత్రహింసలకు తాళలేక ఇద్దరు గ్రామీణులు అతణ్ణి చంపామని ఒప్పుకున్నారు. 1918లో వారికి శిక్ష పడింది. 1926లో ‘హతుడు’ సజీవంగా బయటపడ్డాడు. హింసాదృశ్యాలు శ్రుతిమించాయన్న ఆక్షేపణను ఈ నేపథ్యంలోనే తూచాలి. వాంగ్మూలం కూడా ఒక కథనమే. చెప్పిన నోరు నిందితులది, రచన అధికారానిది. ఆ రచన జరిగిన తీరును తెరపై చూపకుంటే, బతికున్న మనిషిని చంపామని ఇద్దరు ఎలా అంగీకరించారో ప్రేక్షకునికి బోధపడదు. కాబట్టి ఆ దృశ్యాలు కథకు అలంకారాలు కావు, హేతువులు.

ఇక్కడే చరిత్ర వైచిత్రి గమనార్హం. సెన్సార్ అమలులో ఉండగా సౌరా చిత్రం విడుదలైంది. 1977 నవంబరులో సెన్సార్ రద్దయి, 1978లో కొత్త రాజ్యాంగం వచ్చిన తరువాత మిరో చిత్రాన్ని అడ్డుకున్నారు. దర్శకురాలిపై సైనిక న్యాయ విచారణకు పూనుకున్నారు. అది 1981 ఆగస్టులో గాని విడుదల కాలేదు. ఆ ఏడాది ఫిబ్రవరి 23నే సివిల్ గార్డు సాయుధులు పార్లమెంటును ముట్టడించారు. ఏడు దశాబ్దాల నాటి కథ వర్తమానాన్ని ఎందుకు కలవరపెట్టిందో ఈ ఘటనే చెబుతుంది.

అందువల్ల పరివర్తన కాలపు స్వేచ్ఛకు సెన్సార్ చట్టం రద్దు ఒక్కటే కొలమానం కాజాలదు. ఏ వ్యవస్థను పేరు పెట్టి చూపగలిగారన్నదే అసలు గీటురాయి. అప్పుడు ప్రతీకను నిస్సహాయతగా, సూటిదనాన్ని విముక్తిగా నిర్ధారించే విభజన నిలవదు. సౌరా ప్రతీక నియంతృత్వపు హద్దును దాటింది. మిరో సూటిదనం ప్రజాస్వామ్యపు హద్దును బయటపెట్టింది.