'మినారి' చిత్రము - ఒక అమ్మమ్మ

వలసకుటుంబముల కథలలో సాధారణముగా తండ్రియే నాయకుడు. అతని చెమట, అతని పంట, తుదకు అతని గెలుపు. 2020లో వెలువడిన 'మినారి' కూడ అట్లే మొదలగును. కొరియానుండి అమెరికా చేరిన జేకబ్, కోడిపిల్లలలో పెట్టలను పుంజులను వేరుచేయు పనితో విసిగి, అర్కాన్సా రాష్ట్రమున నేల కొని కొరియా కూరగాయలు పండింపబూనును. దర్శకుడు లీ ఐజక్ చంగ్ తన బాల్యమునే ఇట్లు కథగా మలచెను. కాని మా దృష్టిలో ఈ చిత్రము తండ్రిది కాదు. చిన్నవాడు డేవిడ్‌ది, వాని అమ్మమ్మ సూన్‌జాది.

ఆమె కొరియానుండి మిరపపొడి, ఎండు నెత్తళ్లు, మినారి యను ఆకుకూర విత్తనములు మూటగట్టుకొని వచ్చును. మూట విప్పగనే కూతురు కంటతడి పెట్టును. మనుమడు మాత్రము అమ్మమ్మవద్ద కొరియా వాసన వచ్చుచున్నదని ఈసడించును. వంట రాని, పేకాడి తిట్లు తిట్టు ఈమె అసలైన అమ్మమ్మ కాదని వాని తీర్పు. తాను ఎన్నడును చూడని దేశపు వాసనను బాలుడు రోయుట చిత్రమంతటిలో మిక్కిలి సత్యమైన ఘట్టము. మొదట నవ్వు వచ్చును. ఎండుచేపలు వండిననాడు మన పిల్లలు వీథితలుపు మూయుమనుట జ్ఞాపకము రాగా ఆ నవ్వు ఆగిపోవును.

యానాం దరియాలతిప్పలో గౌతమి గట్టున పుట్టినవారికి ఈ కథ దూరపుది కాదు. చేరువనున్న కోరంగి రేవున పందొమ్మిదవ శతాబ్దమున ఓడలెక్కిన తెలుగువారిని మారిషస్‌లో 'కోరంగీలు' అనిరి. రేవు పేరే జనము పేరయ్యెను. ఇక యానాం 1954 వరకు ఫ్రెంచివారిది, నేడు పుదుచ్చేరిది. చుట్టును ఆంధ్రదేశము, ఇంట తెలుగు. మీరెక్కడివారని అడిగినచో మాకు ఒక్కమాటలో బదులు లేదు.

ఆ ప్రశ్న ఈ చిత్రమునకును తప్పలేదు. అమెరికాలో అమెరికా పౌరుడు తీసినదే యైనను, సంభాషణలు హెచ్చుపాలు కొరియా భాషలో నుండుటచే 2021లో గోల్డెన్ గ్లోబ్ వారు దీనిని పరభాషాచిత్రముల వరుసలో చేర్చిరి. ఇంట మాటలాడుకొను భాష పరభాష యెట్లగునో మాకు బోధపడదు! ఆ ఏడే సూన్‌జా పాత్రధారిణి యున్ యో-జంగ్‌కు ఆస్కారు లభించెను.

మరియొక కొరియా చిత్రము 'మిస్ గ్రానీ' 2019లో 'ఓ! బేబీ'గా తెలుగుదాల్చినది గదా. అందు ముసలమ్మ యువతియై ఇల్లు విడిచియున్న కాలముననే ఇంటివారికి ఆమె విలువ తెలిసినది. సూన్‌జాకు అట్టి మాయ లేదు. ముసలిదిగానే, పక్షవాతముచే మాట తడబడుచునే, ఆమె ఆ యింట చోటు పొందవలెను.

పంట దాచిన కొట్టము ఆమె చేతిపొరపాటున తగులబడుట మాకు రుచింపలేదు. విడిపోనున్న దంపతులను కలుపుటకు రచయితకు అగ్ని అతి సులభముగా దొరకినది. అయినను వెంటనే వచ్చు దృశ్యమునకై ఆ లోపమును క్షమింపవచ్చును. సిగ్గుతో కుమిలి ఆమె చీకటిబాటను నడచిపోవుచుండగా, గుండెజబ్బుచే పరుగు నిషేధింపబడిన డేవిడ్ పరుగెత్తి అడ్డునిలిచి ఇంటికి రమ్మనును. వాడు పెద్దవాడగుట అచటనే.

తుదకు ఏటివార అత్తగారు చల్లిన మినారి, మన కాలువగట్ల తూటికూరవలె, ఎవరును నీరు పెట్టకయే దట్టముగా పెరిగి కనబడును. జేకబ్ కొడుకును వెంటబెట్టుకొని దానిని కోయుచు, అమ్మమ్మ మంచి చోటు చూచినదని ఒప్పుకొనును. కోసినదానిని అమ్మునో, వండునో చిత్రము చెప్పదు.