మౌనం అర్ధాంగీకారమా? 'లుక్ బ్యాక్ ఇన్ యాంగర్' టెలివిజన్ రూపంలో దాంపత్య చిత్రణ

జాన్ ఆస్బర్న్ నాటకం 'లుక్ బ్యాక్ ఇన్ యాంగర్' 1956లో లండన్‌లోని రాయల్ కోర్ట్ రంగశాలలో తొలిసారి ప్రదర్శితమైంది. నాటినుండి విమర్శకులు జిమ్మీ పోర్టర్ ఆగ్రహాన్ని యుద్ధానంతర బ్రిటిష్ యువతరం అసంతృప్తికి ప్రతీకగా వ్యాఖ్యానిస్తూ వచ్చారు. ఆ ఆగ్రహాన్ని ఇంట్లో అనుదినం భరించే భార్య ఎలిసన్ ఈ వ్యాఖ్యానాలలో తరచు వెనుకబడిపోయింది. 1989 నాటి టెలివిజన్ రూపం ఆమె స్థానాన్ని పునఃపరిశీలించే అవకాశం కల్పిస్తున్నది. జూడీ డెంచ్ రంగస్థల ప్రదర్శన ఆధారంగా డేవిడ్ జోన్స్ దర్శకత్వం వహించిన ఈ రూపంలో కెన్నెత్ బ్రానా, ఎమ్మా థాంప్సన్ ఆ దంపతులుగా నటించారు.

రంగస్థలం మీద ప్రేక్షకుని చూపు సహజంగా మాట్లాడేవారి వెంట పోతుంది. జిమ్మీ సుదీర్ఘ సంభాషణలకు బలం అదే. టెలివిజన్‌లో మాత్రం మాట్లాడేవారిని చూపాలా, వినేవారిని చూపాలా అన్నది కెమెరా నిర్ణయిస్తుంది. బట్టలు ఇస్త్రీ చేస్తూ నిందలు వింటున్న ఎలిసన్ ముఖం సమీపదృశ్యంలో కనిపించినప్పుడు ఆ మాటల చమత్కారం వెలవెలబోతుంది. అవి చేసే గాయం మిగులుతుంది.

మౌనం అర్ధాంగీకారమని లోకోక్తి. ఎలిసన్ మౌనానికి ఈ అర్థం చెల్లదు. బదులు చెప్పకపోవడమే ఆమె చేతిలోని ఏకైక ఆయుధమని జిమ్మీకి తెలుసు. అతని కసికి మూలమూ అదే. తాను గర్భవతినన్న సంగతిని ఆమె మిత్రుడు క్లిఫ్‌కు చెబుతుంది గాని భర్తకు చెప్పదు. ఆ సంగతి తెలియకనే, ఆమెకు బిడ్డ పుట్టి చనిపోవాలని జిమ్మీ శపిస్తాడు. తెలిసిన ప్రేక్షకునికి ఆ క్షణంలో చూడవలసినది శపించేవాని ముఖం కాదు.

కాబట్టి ఈ దాంపత్య విధ్వంసానికి పరాకాష్ఠ శాపం కాదు, మూడవ అంకంలో మౌనం భగ్నమయ్యే ఘట్టం. గర్భస్రావానంతరం తిరిగివచ్చిన ఎలిసన్, జిమ్మీ కోరుకున్నట్లే తాను నేలరాలానని అతని పాదాల చెంత కుప్పకూలి చెప్పుకుంటుంది. అనంతరం ఇద్దరూ ఎలుగుబంటి, ఉడుతల ఆటలోకి తప్పుకుంటారు. దీనిని పునస్సమాగమంగా భావించడం కష్టం. మనుషులుగా కలిసి జీవించలేని దంపతులకు మిగిలిన తలదాపు అది. ఎలిసన్ మౌనాన్ని కేంద్రంగా గ్రహించినప్పుడే ఆ ముగింపులోని విషాదం పూర్తిగా బోధపడుతుంది.