వేసిన బంతే మళ్లీ వేయడం

బౌలర్‌ని మెచ్చుకోవాలంటే మనకు వేగమైనా కావాలి, బ్యాట్స్‌మన్ ఊహకు అందని వింత బంతైనా కావాలి. ఇంగ్లండ్ బౌలర్ డెరిక్ షాకిల్టన్ దగ్గర ఆ రెండూ లేవు. మీడియం పేస్, పొదుపైన రన్నప్, ఆఫ్‌స్టంప్ చుట్టుపక్కల గుడ్ లెంగ్త్‌లో పడి సీమ్ మీద కాస్త అటో ఇటో కదిలే బంతి, అంతే. రోజంతా బౌలింగ్ చేసినా దువ్విన తల చెదిరేది కాదని చెప్పుకునేవారు. ఆ బంతితోనే హాంప్‌షైర్ కౌంటీ తరఫున 1949 నుంచి 1968 దాకా ఏటా వంద వికెట్లకు తగ్గలేదు. వరుసగా ఇరవై సీజన్లు ఇలా తీసిన బౌలర్ మరొకడు లేడు. 1961లో హాంప్‌షైర్ తొలిసారి కౌంటీ చాంపియన్‌షిప్ గెలిచిందన్నా, అందులో అతని ఓవర్ల వాటా పెద్దది. మొత్తం 2,857 ఫస్ట్‌క్లాస్ వికెట్లు, సగటు 18.65. ఇదంతా ఓపికకు దక్కిన ఫలమని సరిపెట్టుకుంటే అతనికి అన్యాయం చేసినట్టే. ఒకే చోట బంతి వేయడం ప్రతిభ లేనివాడు పట్టుకునే దారి కాదు, అదే అసలు ప్రతిభ అని నా వాదన.

అప్పటి పిచ్‌లను వానకు కప్పేవారు కాదు, తడిసిన వికెట్ మీద ఎవరైనా తీస్తారు అంటారు. నిజమే, 1955లో వెస్టన్‌లో సోమర్‌సెట్ మీద నాలుగే పరుగులిచ్చి 8 వికెట్లు తీశాడంటే పిచ్ సాయం లేకుండా కుదరదు. మ్యాచ్‌లు కూడా ఇప్పటికంటే చాలా ఎక్కువ, వంద వికెట్లకు అదీ తోడైంది. కానీ ఆ పిచ్‌లు, ఆ మ్యాచ్‌లు దేశంలోని బౌలర్లందరికీ దొరికినవే. వారంలో ఆరు రోజుల ఆట, ఆటకీ ఆటకీ మధ్య ఊరు మారే ప్రయాణం. అంత పనిలో ఒక్క ఏడూ శరీరం మొరాయించకపోవడానికి కారణం ఆ పొదుపైన యాక్షనే. కాబట్టి నిలకడను నైపుణ్యం నుంచి విడదీసి చూడలేం.

అంత గొప్పవాడైతే టెస్టులు ఏడే ఎందుకు, అందులో 18 వికెట్లే ఎందుకు అన్నది గట్టి ప్రశ్న. తొలి మూడు టెస్టులు 1950, 51ల్లో ఆడాడు, మూడోది ఢిల్లీలో మన మీదే. వాటన్నింటిలో దక్కినవి మూడే వికెట్లు. మంచి వికెట్ మీద మేటి బ్యాట్స్‌మన్‌ను ఆ వేగం భయపెట్టలేకపోయిందని ఒప్పుకోవాలి. ఆ తర్వాత ట్రూమన్, స్టాథమ్, టైసన్ లాంటి ఫాస్ట్ బౌలర్లు వచ్చాక సెలెక్టర్లు అతని వైపు చూడకపోవడాన్ని తప్పనలేను. కానీ కథ అక్కడ ఆగలేదు. 1963లో, 38 ఏళ్ల వయసులో, వారెల్ నాయకత్వంలోని వెస్టిండీస్ మీదికి మళ్లీ పిలిచారు. లార్డ్స్ టెస్టు చివరి ఓవర్‌లో షాకిల్టన్ రనౌట్ అయ్యాడు. బంతిని విసరకుండా చేత్తో పట్టుకుని పరుగెత్తి వికెట్లు పడగొట్టిన వారెల్‌దీ అదే వయసు. జనానికి గుర్తున్నది ఆ పరుగే. ఆ మ్యాచ్‌లో షాకిల్టన్ ఏడు వికెట్లు తీశాడని ఎవరూ గుర్తు చేసుకోరు. సోబర్స్, కన్హాయ్ ఉన్న ఆ జట్టు మీద నాలుగు టెస్టుల్లో 15 వికెట్లు తీశాడు. ఇరవై అయిదు, ఇరవై ఏడేళ్ల వయసులో చేయలేనిది ముప్పై ఎనిమిదిలో చేశాడంటే, మధ్యలో వేగం పెరిగి కాదు. ఆ పన్నెండేళ్లూ కౌంటీ మైదానాల్లో వేసిన బంతే వేస్తూ అతను ఇంకా నేర్చుకుంటూనే ఉన్నాడు.