సైకిలు పందెం – మర్నాడు

మన్సూర్ ఖాన్ దర్శకత్వంలో 'జో జీతా వహీ సికందర్' 1992లో వచ్చింది. మూడు దశాబ్దాలు దాటినా జనం దాన్ని మరచిపోలేదు. కారణమడిగితే చాలామంది 'పహలా నషా' పాట పేరు చెబుతారు. అభ్యుదయ రచయితల ఉద్యమంతో నడిచిన ఉర్దూ కవి మజ్రూహ్ సుల్తాన్‌పురి రాసిన పాట అది. మంచి పాటే. కాని ఒక్క పాట ఒక చిత్రాన్ని ఇంతకాలం మోయలేదు.

ఇతివృత్తం జరిగేది డెహ్రాడూన్‌లో. ధనికుల బిడ్డలది రాజ్‌పుత్ కాలేజీ. ఊరివాళ్ల పిల్లలది మోడల్ స్కూలు. సైకిలు పందెంలో రతన్ కొద్దిపాటిలో ఓడిపోతాడు. తండ్రి చిన్న కేఫ్ నడుపుతాడు. తమ్ముడు సంజూ ధనవంతుడినని బొంకి దేవిక వెంట తిరుగుతాడు. గ్యారేజీలో పనిచేసే అంజలి ప్రేమ అతని కంటికి ఆనదు. అన్న తీవ్రంగా గాయపడ్డాకే అతనికి కళ్లు తెరుచుకుంటాయి. పందేనికి సిద్ధమయ్యేటప్పుడు పక్కన నిలబడింది అంజలి, స్నేహితులు. అంటే ఇందులో ప్రేమ, తన కోసం శ్రమించినవాళ్లను ఆలస్యంగానైనా గుర్తించడం. ఈ చిత్రం బలమంతా ఇక్కడుందని నా అభిప్రాయం.

ఈ కథే 1999లో తెలుగులో 'తమ్ముడు'గా వచ్చింది. డిగ్రీ చదువుతున్న నేను దాన్ని మూడుసార్లు చూశాను. సైకిలు స్థానంలో కిక్‌బాక్సింగ్ వచ్చింది. హిందీ చిత్రం చూశాకగాని ఆ మార్పు అర్థం నాకు బోధపడలేదు. సైకిలు పనివాడి వాహనం. దాని వెనక గాలికొట్టే చెయ్యి, చైను సరిచేసే చెయ్యి ఉంటాయి. బరిలో కనిపించేది కథానాయకుడి దేహమొక్కటే. సమష్టి శ్రమ పలచబడి వ్యక్తి ఆరాధన చిక్కబడింది.

మూలచిత్రానికీ పరిమితులున్నాయి. డబ్బును చూసి ప్రేమించిన దేవికను అది క్షమించదు. డబ్బున్నట్టు నటించిన సంజూను క్షమించి కప్పు చేతికిస్తుంది. ఇది న్యాయమా?

అంతకన్నా పెద్ద పరిమితి నాకు పాఠశాలలో తెలిసింది. ఒకరోజు తొమ్మిదో తరగతి పిల్లలకు ఈ కథ చెప్పాను. ఒకడు లేచి, "సంజూ ఓడిపోయుంటే వాళ్ల నాన్న మళ్లీ టీలే అమ్ముకోవాలి గదా సార్?" అన్నాడు.

"గెలిచినా అమ్ముకోవాలిరా" అన్నాను.

పిల్లలు నవ్వారు. నాకు నవ్వు రాలేదు. ఆ అబ్బాయి తండ్రిది బస్టాండు దగ్గర టీబండి.

కప్పు చేతులు మారింది గాని రెండు బడుల మధ్య దూరం మారలేదు. చిత్రం ఆ సంగతి చెప్పకుండా గెలుపు దగ్గరే ఆగిపోతుంది. ప్రేక్షకుడికి కావలసిన ఊరట అక్కడ దొరుకుతుంది. మళ్లీమళ్లీ చూడడానికి అదీ ఒక కారణమే. ఆ ఊరటను నేను హేళన చెయ్యను, నేనూ పొందినవాణ్ణే. కాని పందెం మర్నాడు ఆ కేఫ్ తలుపులు తీసే రామ్‌లాల్ కథ ఇంకా మిగిలే ఉంది. దాన్ని రాయవలసిన బాధ్యత రచయితలది.