మార్కెట్ వీధి మూగచిత్రము

అమలాపురము గడియార స్తంభము దగ్గర తిరుగు ఆటోలు, కొబ్బరికాయల లారీలు, బడికి పోవు పిల్లలు నేడు ఎవరికిని వింత గారు. నూరేండ్ల తరువాత చూచువారికి అదియే చరిత్ర. ఒక నగరపు వీధి అట్లు చరిత్రగా మిగిలిన మూగచిత్రము, అమెరికాలో మైల్స్ సోదరులు తీసిన ‘ఎ ట్రిప్ డౌన్ మార్కెట్ స్ట్రీట్’.

శాన్ ఫ్రాన్సిస్కో నగరమున, కేబుల్ కారు ముందుభాగమున కెమెరా నిలిపి, మార్కెట్ వీధి వెంట రేవుదాక దీనిని తీసిరి. నిడివి సుమారు 13 నిమిషములు. కథ లేదు. గుర్రపు బండ్లు, మోటారు కార్లు, వాటి నడుమ బెదరక దారి దాటు జనము, కెమెరాను చూచి పరుగెత్తు కుర్రవాండ్రు: ఇంతియే. అయినను కన్ను త్రిప్పనీయదు.

ఇది 1905 నాటిదని చిరకాలము తలచిరి. చలనచిత్ర చరిత్రకారుడు డేవిడ్ కీన్, వీధిలోని నీటి మడుగులను నాటి వర్షపు లెక్కలతోను, కార్ల నంబరు పలకలను రిజిస్ట్రేషను వివరములతోను సరిచూచి, 1906 ఏప్రిల్ నాటిదని తేల్చెను. ఆ నెల 18వ తేదీన భూకంపము, దాని వెంట అగ్ని ఆ వీధిని నాశనము చేసినవి. తెరపై నడచువారికి ఆ సంగతి తెలియదు, మనకు తెలియును. ఈ చిత్రపు బలమంతయు అందులోనే యున్నది.

అయితే ఈ సాక్షిని ప్రశ్నింపక నమ్మరాదు. జాగ్రత్తగా చూచినచో, ఒకే కారు పదే పదే చుట్టివచ్చి కెమెరా ముందు పోవుట కనబడును. వీధిలో కార్లు మెండుగా నున్నట్లు చూపుటకు చేసిన ఏర్పాటుగా ఇది తోచుచున్నది. నడక వేగమును సైతము పరీక్షింపవలెను. ఆనాటి కెమెరాలు చేతితో త్రిప్పునవి. సెకనుకు 16 బొమ్మల చొప్పున తీసినదానిని 24 చొప్పున చూపినచో, 60 సెకనుల నడక 40 సెకనులలో ముగియును. పాత చిత్రములలో జనము గబగబ నడచుటకు కారణమిదియే గాని, ఆ కాలపువారి తొందర గాదు. తుదకు పేరును కూడ నమ్మరాదు. 1899 నాటి ‘పనోరమా ఆఫ్ కలకత్తా’లో కనబడునవి కాశీలోని గంగ ఘట్టములు! కాశీయాత్ర చేసివచ్చిన మన పెద్దలకు చూపినను ఇట్టే గుర్తింతురు.

ఉపాధ్యాయులు మార్కెట్ వీధి చిత్రమును తరగతిలో రెండుమార్లు చూపుట మేలు: మొదట ఆనందించుటకు, పిమ్మట ఆ కారు ఎన్ని మార్లు వచ్చినదో లెక్కించుటకు. గడియార స్తంభము దగ్గర సెల్‌ఫోనుతో ఒక నిమిషము చిత్రించు విద్యార్థి, తేదీని, వేళను, తాను నిలిచిన చోటును వ్రాసి యుంచవలెను. అట్టి ఒక్క పంక్తి నిలువకపోవుటచేతనే కదా, మార్కెట్ వీధి తేదీని నీటి మడుగులలో వెదుకవలసి వచ్చినది!