మైదానంలో అధికారం: మిక్లోష్ యాంచో సుదీర్ఘ షాట్

హంగేరీ దర్శకుడు మిక్లోష్ యాంచో (1921–2014) పేరు వినగానే సినిమా విద్యార్థులకు మొదట స్ఫురించేది సుదీర్ఘ షాట్, అంటే మధ్యలో ఎక్కడా కత్తిరించకుండా కొన్ని నిమిషాల పాటు ఏకధారగా సాగే చిత్రీకరణ. దీన్ని కేవలం కెమెరా నైపుణ్యంగా మెచ్చుకుని వదిలేస్తే ఆయనకు అన్యాయం చేసినట్టే అవుతుంది. అధికారం మనుషుల మధ్య ఎలా చేతులు మారుతుందో చూపడానికి ఆయన కనుగొన్న మార్గం అది.

వాట్స్ పట్టణంలో పుట్టి, న్యాయశాస్త్రం చదివి, జానపద సంస్కృతిని అధ్యయనం చేసి, యుద్ధఖైదీగా కూడా గడిపిన యాంచో, 1950లో బుడాపెస్ట్‌లో సినిమా చదువు ముగించుకుని చాలాకాలం వార్తాచిత్రాలు తీశారు. రచయిత ద్యులా హెర్నాదితో స్నేహం కుదిరాకే ఆయనదైన శైలి రూపుకట్టింది.

ఆ శైలికి తొలి పరిపూర్ణ రూపం 'ది రౌండప్' (1966). 1848 విప్లవం అణచివేతకు గురైన రెండు దశాబ్దాల తరువాత, పూస్తా అని పిలిచే చెట్టూచేమా లేని గడ్డిమైదానంలో, తిరుగుబాటుదారులని అనుమానించినవారిని ఒక దడిలో బంధించి విచారిస్తుంటారు. తనకన్నా ఎక్కువమందిని చంపినవాణ్ణి చూపిస్తే ప్రాణం దక్కుతుందని ఒక ఖైదీకి ఆశ చూపడంతో, అతడు తోటివారి ముఖాలను వెతకడం మొదలుపెడతాడు. హింసకన్నా ఈ ఆశే భయంకరమైనది. 1956 తిరుగుబాటు, దాని వెంట వచ్చిన శిక్షలు ఇంకా మరువని హంగేరీ ప్రేక్షకులకు ఇది పాతకాలపు కథగా మాత్రమే తోచలేదు.

వోల్గా తీరంలో 1919 నాటి అంతర్యుద్ధాన్ని చూపే 'ది రెడ్ అండ్ ది వైట్' (1967)లో ఈ పద్ధతి మరింత కఠినమవుతుంది. కాల్చేవాడు, కాల్చబడేవాడు ఒకే షాట్‌లో స్థానాలు మార్చుకుంటారు; కట్ లేదు కనుక ప్రేక్షకుడికి ఒక పక్షాన స్థిరంగా నిలబడే వీలుండదు. పట్టాల మీద నడిచే కెమెరా, దూరాన్ని క్షణంలో దగ్గర చేసే జూమ్, గుంపుల కదలిక, మూడూ కలిసి నృత్యంలా అమరడానికి ఎంతో ముందస్తు సాధన కావాలి. ఛాయాగ్రాహకుడు యానోష్ కెండె తోడుతో ఈ సాధన 'రెడ్ సామ్' (1972)లో పాటగా, వలయ నృత్యంగా విస్తరించి, యాంచోకు కాన్ చిత్రోత్సవంలో ఉత్తమ దర్శకుడి పురస్కారం తెచ్చిపెట్టింది. 'ఎలెక్ట్రా, మై లవ్' (1974) సుమారు 70 నిమిషాల చిత్రమైనా అందులో ఉన్నవి 12 షాట్లే. అయితే అక్కడ దృశ్యవైభవం పెరిగిన కొద్దీ 'ది రౌండప్'లోని ఊపిరాడనితనం సడలిందని ఒప్పుకోక తప్పదు.

సుమారు పదకొండు నిమిషాలకు ఫిల్ము చుట్ట అయిపోయే ఆ రోజుల పరిమితిలోనే ఇదంతా సాధ్యమైంది. తరువాతి తరంలో బేలా తార్ అదే పొడవైన షాట్‌ను అందుకుని, ఏడు గంటలు దాటిన 'శాతాన్‌టాంగో' (1994)లో దాన్ని పూర్తిగా మరో పనికి వినియోగించారు: యాంచో కెమెరా గుంపుల మధ్య తిరుగుతూ చరిత్రను గమనిస్తే, తార్ కెమెరా వానలో, బురదలో నడిచే మనుషుల వెంట ఓపికగా సాగుతూ, చరిత్ర వదిలేసి వెళ్లినవారి దినచర్యను వారితో సమానంగా భరిస్తుంది.