హరణమా, పునఃసృష్టా? 'దున్యాయి కుర్తరాన్ ఆదమ్' ప్రసిద్ధి – ఒక పరిశీలన

ఇస్తాంబుల్ నగరంలోని బేయోలు ప్రాంతంలో యెషిల్‌చామ్ అనే వీథి ఉంది. చిత్రనిర్మాణ సంస్థలు అక్కడ నెలకొన్నందువల్ల ఆ వీథి పేరే టర్కీ వాణిజ్య సినిమాకు పర్యాయపదమైంది. ఆ పరిశ్రమ నుంచి 1982లో వెలువడిన చిత్రం 'దున్యాయి కుర్తరాన్ ఆదమ్'. దర్శకుడు చెతిన్ ఇనాన్‌చ్, కథానాయకుడు జునెయ్ట్ ఆర్కిన్. ఈ పేరుకు 'ప్రపంచాన్ని రక్షించినవాడు' అని అర్థం. అయితే విదేశాలలో ఇది 'టర్కిష్ స్టార్ వార్స్' అనే మారుపేరుతోనే ప్రసిద్ధమైంది. ఆ మారుపేరు చిత్రాన్ని పరిచయం చేయడానికి ముందే దాని విలువను నిర్ణయించింది.

ఇందులో హరణం జరిగిందన్నది నిర్వివాదం. 1977 నాటి 'స్టార్ వార్స్' లోని అంతరిక్ష యుద్ధ దృశ్యాలను యథాతథంగా అతికించారు. 1981లో వచ్చిన 'రైడర్స్ ఆఫ్ ది లాస్ట్ ఆర్క్' సంగీతాన్నీ వాడుకున్నారు. రాజశేఖరుడు 'కావ్యమీమాంస'లో శబ్దహరణను, అర్థహరణను వేర్వేరుగా చర్చించాడు. ఆ విభజనను సినిమాకు అన్వయిస్తే, దృశ్యఖండాలను తీసుకోవడం శబ్దహరణతో పోల్చదగినది. అర్థం విషయం వేరు. కపడోకియా శిలల నడుమ కథానాయకుడు స్వర్ణఖడ్గాన్ని కరిగించి చేతితొడుగులు, పాదరక్షలు చేసుకుంటాడు. చివరకు మాంత్రికుణ్ణి చేతి దెబ్బతోనే రెండుగా చీలుస్తాడు. అరువు తెచ్చుకున్న వ్యోమనౌకలకు ఆ విజయంలో పాత్ర లేదు. బత్తాల్ గాజీ, మల్కోచోలు వంటి చారిత్రక వీరులుగా ఆర్కిన్ అంతకుముందే నటించాడు. ఆ ఖడ్గవీరుడే ఇక్కడ వ్యోమగామి వేషంలో మళ్ళీ కనిపిస్తాడు.

ఈ చిత్రానికి దక్కిన ఆదరణ ప్రధానంగా హాస్యమూలకం. ఉద్దిష్టమైన రసం వీరం కాగా ప్రేక్షకునికి కలిగింది హాస్యం. ఆలంకారికుల పరిభాషలో ఇది రసాభాస. దీనికి హడావుడి కూర్పు, కథాసంధానంలోని లోపాలు కొంత కారణమనడంలో సందేహం లేదు. కాని ప్రేక్షకుని పూర్వసంస్కారం కూడా అంతే ముఖ్యం. ఆ ఖడ్గవీరుణ్ణి ఎరిగినవారి నవ్వు, ఎరగనివారి నవ్వు ఒకటి కావు. మొదటిదానిలో మమకారానికి చోటుంది. రెండవది మూలంతో పోల్చి చూడటంతోనే ఆగిపోతుంది.

2006లో వచ్చిన ఉత్తరభాగం, యెషిల్‌చామ్ అనుకరణ పద్ధతులపై జెమ్ కాయా 2014లో రూపొందించిన డాక్యుమెంటరీ ఈ ప్రసిద్ధి కొనసాగుతున్నదనడానికి నిదర్శనాలు. వనరుల కొరత నడుమ చిత్రాలు ఎలా తయారయ్యాయో డాక్యుమెంటరీ వివరిస్తుంది. తీసుకున్నది ఎంత అనే లెక్కతోపాటు, తీసుకున్నదానితో ఏమి చేశారన్న ప్రశ్న కూడా విమర్శకు అవసరం. ఆ ప్రశ్న వేయాలంటే ముందుగా చిత్రాన్ని దాని సొంత పేరుతో పిలవాలి.